ఉప్పు చూపించే చేయి

మొన్న మంగళవారం పొద్దున షాపు షట్టరు ఎత్తుతుండగానే పెద్దబాపు అల్లుడు వచ్చి ఎదురుగా నిలబడ్డాడు. నిజామాబాద్‌ బస్టాండు వెనక సందులో నాది డీటీపీ, ఫ్లెక్సీల షాపు. పెళ్లికార్డులు, పుట్టినరోజు బ్యానర్లు, శ్రద్ధాంజలి ఫ్లెక్సీలు చేసి బతుకుతున్నాను. తీరిక దొరికితే చర్చి నాటికలు రాస్తాను కాబట్టి మావాళ్లు నన్ను రచయిత అంటారు, నేనూ కాదనను.

"మామ పోయిండన్నా" అన్నాడు అల్లుడు. కళ్లు తుడుచుకుని ఫోను నా ముందు పెట్టాడు. "ఫొటో మాత్రం మంచిది దొరికింది. నెట్ల ఉండె. ఇంట్ల ఏ ఫొటోల సూసినా దొంగలెక్కనే ఉన్నడు, ఆధార్‌ కార్డుల అయితే మరీ."

ఫొటో నిజంగానే బాగుంది. తలకు తువాలు, చెంపల మీద ఆవిరి తడి, ఎదుటి మనిషి ఏమంటాడో అని కొంచెం ముందుకు వంగిన మొహం, ఆ మొహంలో పిల్లవాడికి ఉండేటంత ఆశ. అల్లుడు గుర్తుపట్టలేదు గానీ నాకు తెలుసు, ఫొటో అంచు కింద ఆయన కుడి అరచేతిలో ఒక మాంసం తునక ఉంది. కథ ప్రకారం అది మనిషి మాంసం. ఆ కథలో మాటలు రాసింది నేను.

ఛాతీ దగ్గరికి కత్తిరించాను. వెనక నీలం ఆకాశం పెట్టి, రెండు పావురాలు వేసి, కింద బైబిలు వాక్యం టైపు చేశాను. అల్లుడు చూసి "మస్తు వచ్చిందన్నా" అని మళ్లీ ఏడ్చాడు. బాగా వచ్చిందని నాకూ అనిపించింది. అంత సిగ్గులేని పని మాది.

ఆయన పేరు రాయను. పేరు రాస్తే నెట్‌లో వెతుకుతారు, వెతికితే మళ్లీ ఆ తునకే దొరుకుతుంది. కోటగిరి చుట్టుపక్కల మెథడిస్టు కుటుంబాల్లో అందరూ ఆయన్ని పెద్దబాపు, అంటే పెదనాన్న, అనే పిలిచేవారు. ఆయనకంటే పదేళ్లు పెద్దవాళ్లు కూడా అదే పిలుపు. పెళ్లయినా, క్రిస్మస్‌ ప్రేమవిందయినా, చావు కూడికయినా పొయ్యి దగ్గర ఆయనే ఉండాలి. ఉల్లిగడ్డలు కోసేటప్పుడు ఒకే కీర్తన, అందులోనూ ఒకే చరణం, రాగం తప్పి పాడేవాడు. పొయ్యితో మాట్లాడేవాడు. "నీకేం తొందర, నీ అబ్బ సొమ్మా" అని మంటను తిడితే మంట తగ్గేదో, ఆయనే కట్టె వెనక్కి లాగేవాడో నేను ఎప్పుడూ కనిపెట్టలేకపోయాను. అందరి తిండి అయ్యాక బోర్లించిన వంట గంజు మీద కూర్చుని మామిడికాయ తొక్కుతో నాలుగు ముద్దలు తినేవాడు. మటన్‌ ముట్టేవాడు కాదు. పొద్దంతా వాసన చూసీ చూసీ కడుపు నిండిపోయిందనేవాడు.

వండేటప్పుడు రుచి కూడా చూసేవాడు కాదు. "నా నాలుక నన్ను మెచ్చుకుంటది కొడుకా, దాని మాట నమ్మొద్దు" అనేవాడు. అందుకని విందు రోజు ఒక తతంగం ఉండేది. కూర దించాక గంటెతో ఒక్క తునక తీసి, ఊది, కుడి అరచేతిలో పెట్టుకునేవాడు. కింద ఎడమచేయి పట్టుకుని, బంతిలో అందరికంటే ముసలి అవ్వ దగ్గరికి నడిచి వెళ్లి వంగేవాడు. "ఉప్పు సూడవ్వా" అనేవాడు.

అవ్వ ఆ తునక నోట్లో వేసుకుని తీరిగ్గా నమిలేది. మూడొందల మంది ఆకులు ముందేసుకుని ఆమె దవడ వైపే చూసేవాళ్లు. పాస్టరయ్య కూడా చూసేవాడు. ఆమె "సరిపోయింది" అంటేనే ప్రార్థన మొదలు. "జర పడాలె" అంటే ఆయన పరుగున వెళ్లి, ఉప్పు కలిపి, ఇంకో తునకతో మళ్లీ వచ్చేవాడు. ఒక ఏడు ఆ అవ్వ కావాలనే మూడుసార్లు తిప్పింది. మూడోసారి "మొదటిదే మంచిగుండె" అని బోసినోటితో నవ్వింది. ఆయన తువాలుతో మొహం తుడుచుకుని "నీ పాడుగాను" అన్నాడు. పండుగ అంటే నాకు ఇప్పటికీ ఆ మాటే గుర్తొస్తుంది.

క్రిస్మస్‌ నాటికలో హేరోదు రాజు కూడా ఆయనే. ఇరవై ఏళ్లు నేను రాశాను, ఇరవై ఏళ్లు ఆయన అరిచాడు. నా షాపులో మిగిలిన ఫ్లెక్సీ ముక్కలతో కిరీటం చేసిచ్చేవాణ్ని. ఆయన స్టేజీ మీదికి వచ్చి బేత్లెహేములోని పిల్లలందర్నీ నరకమని ఆజ్ఞ ఇచ్చేసరికి ముందు వరసలో కూర్చున్న పిల్లలు తల్లుల కొంగుల్లోకి దూరేవాళ్లు. అరగంట తర్వాత ఆ పిల్లలే ఆయన తొడ మీద కూర్చుని మూలుగ బొక్క కావాలని పేచీ పెట్టేవాళ్లు. ఈ సంగతి గుర్తు పెట్టుకోండి. మేమిద్దరం చేసిన తప్పు ఇక్కడే మొదలైంది.

నాలుగేళ్ల కింద హైదరాబాదు నుంచి సినిమావాళ్లు వచ్చారు. డైరెక్టరు ముప్పై దాటని అమ్మాయి, చాలా మర్యాదస్తురాలు. బోర్డులు చేయించడానికి నా షాపుకొచ్చి, కంప్యూటరులో హేరోదు వీడియో చూసింది. "ఈయన ఎవరండీ?" అంది. ఆమె తీయబోయేది ఓ నెత్తురోడే హారర్‌ సినిమా. మూతపడిన చెరుకు మిల్లు, అందులో మిగిలిపోయిన వంటమనిషి. ఎక్కడికీ పోలేక అక్కడే పడి ఉన్న కూలీలకు వండి పెడుతుంటాడు. ఒక్కొక్కరే మాయమవుతుంటారు. మిగిలినవాళ్లు తింటుంటారు.

ఇక్కడి మాటతీరులో సంభాషణలు రాయమని నన్ను అడిగింది. యాభై ఏళ్ల మనిషిని, పెళ్లికార్డుల మీద కవిత్వం రాసుకునేవాణ్ని. సినిమా అనేసరికి కాళ్లు నేల మీద ఆనలేదు. మిల్లు మూతపడి మనుషుల్ని మింగిందని ఈ కథతో లోకానికి చెప్పబోతున్నానని నాకు నేనే ఉపన్యాసం ఇచ్చుకున్నాను. పెద్దబాపును ఒప్పించే బాధ్యత కూడా నేనే నెత్తికెత్తుకున్నాను.

"మనిషిని తినేటోడా? థూ" అన్నాడు ఆయన. తర్వాత నా వైపు తిరిగాడు. "హేరోదు కంటె ఎక్కువనా, తక్కువనా?"

"తక్కువే పెద్దబాపు. హేరోదు ఊరు ఊరంత పిల్లల్ని చంపించిండు. వీడు ఏడుగురినే."

ఆయన పగలబడి నవ్వాడు. "గట్లయితే చేస్త. ఏడుగురేనాయె."

ఇద్దరం నవ్వుకున్నాం. హేరోదు చేతి వంట ఇరవై ఏళ్లు తిన్న జనం ఈయన చేతి వంట ఎందుకు మానేస్తారు? మా లెక్క అది.

కోటగిరి అవతల మూతపడిన ఒక చిన్న మిల్లులో షూటింగు. నెత్తురు కోసం బీట్‌రూట్‌ రసంలో చెరుకు మడ్డి కలిపారు. తీపికి ఈగలు, గండుచీమలు దండెత్తి వచ్చాయి. చచ్చినట్టు పడుకున్న నటుడు చీమ కుట్టి లేచి గంతులేస్తే యూనిట్‌ అంతా నవ్వింది. మనిషి మాంసంగా చూపించేది సంతలో కొన్న యాట మాంసమే, మామూలు మటన్‌. అది ఊరికే ఉడికిస్తే చాలని డైరెక్టరు చెప్పినా ఆయన వినలేదు. "తినే వస్తువు. ఆట కాదు" అని అల్లం వెల్లుల్లి నూరి, కొత్తిమీర వేసి, తీరుగా వండాడు. షాటు అయిపోగానే అందరికీ వడ్డించేవాడు. నేనూ తిన్నాను. సన్నివేశం చూస్తుంటే భయం వేయడం లేదు, ఆకలేస్తోందని డైరెక్టరు తల పట్టుకుంది.

అసలు చిక్కు ఆయన నటనతో వచ్చింది. కోపంగా చూడమంటే హేరోదులా గర్జించేవాడు. వద్దు, నెమ్మదిగా అంటే మొహం పాలిపోయి నిద్రపోతున్నట్టు ఉండేది. ముఖ్యమైన సన్నివేశం మిగిలింది. తమ్ముణ్ని వెతుక్కుంటూ ఒక అన్న మిల్లుకు వస్తాడు. వంటమనిషి అతనికి ఒక తునక తినిపించాలి. పొద్దున మొదలుపెడితే మధ్యాహ్నమైంది, రాలేదు. ఆ అమ్మాయి చెట్టు కింద కుర్చీలో కూలబడింది. నేను ఆయన దగ్గరికి వెళ్లాను.

"పెద్దబాపు, నువ్వేం యాక్టింగ్‌ చెయ్యకు. పండుగకు అవ్వకు ఉప్పు చూపెడతవు సూడు, గట్లనే చెయ్‌."

ఆయన నా మొహంలోకి చూశాడు. "గట్లనేనా?"

"గట్లనే."

తునక తీసి ఊదాడు. అరచేతిలో పెట్టుకుని, కింద ఎడమచేయి పట్టి, నడిచి వెళ్లి వంగాడు. "ఉప్పు సూడు బిడ్డా" అన్నాడు. ఆ మాట నేను రాయలేదు, ఆయన నోట్లోంచి అలవాటుగా వచ్చింది. అన్నగా నటించినవాడు తిన్నాడు, నమిలాడు. పెద్దబాపు అతని దవడ వైపే ఆశగా చూస్తూ నిలబడ్డాడు. డైరెక్టరు కట్‌ చెప్పడం మర్చిపోయింది. అంతవరకు గోలగోలగా ఉన్న యూనిట్‌లో ఒక్కరూ కదలలేదు. నా వీపు చెమటతో తడిసింది, గర్వంతో కూడా. ఆరోజు ఇంటికొచ్చి నా భార్యతో ఈ సీను నాదేనని రెండుసార్లు చెప్పుకున్నాను.

సినిమా థియేటరుకు రాలేదు, ఫోన్లలోకి వచ్చింది. ఆయన నా షాపుకొచ్చి కంప్యూటరులో చూశాడు. రెండు చేతులూ మోకాళ్ల మీద పెట్టుకుని, గొడ్డలి పడిన ప్రతిసారీ చ్చుచ్చు అంటూ, చివరిదాకా చూశాడు. లేచి "మస్తు భయమైతుంది. గంజు మాత్రం మంచిగ తోమలే" అన్నాడు. నేను సగం సినిమా వేళ్ల సందుల్లోంచి చూశాను. నరకడాలు, పేగులు, కొక్కేలకు వేలాడే కాళ్లు. అవన్నీ రబ్బరని తెలుసు, బయటికి రాగానే మర్చిపోతాం. చేతిలో తునకతో వంగిన ఆ ముసలాయన ఒక్కడే రబ్బరు కాదు.

జనం కూడా ఆ ఒక్క ముక్కనే కత్తిరించి పంచుకున్నారు. మిల్లు మనుషుల్ని మింగిందన్న నా గొప్ప భావం ఎవరికీ పట్టలేదు. ఇరవై సెకన్ల వీడియో, దాని కింద నవ్వే బొమ్మలు. మొదట్లో ఆయన సంబరపడ్డాడు. చెరుకు నరకడానికి మహారాష్ట్ర నుంచి వచ్చిన కూలీలు బోధన్‌ సంతలో ఆయన్ని గుర్తుపట్టి, "కాకా, ఫోటో" అని చుట్టూ మూగారు. ఆయన సంచిలోంచి టమాటా తీసి అరచేతిలో పెట్టుకుని మరీ ఫొటోలకు నిలబడ్డాడు.

ఆ డిసెంబరులో ప్రేమవిందు వచ్చింది. ఎప్పటిలాగే హేరోదు అరిచాడు, కానీ ఈసారి పిల్లలు కొంగుల్లో దూరలేదు, ఫోన్లు పైకెత్తారు. తర్వాత కూర దించి, తునక తీసి, ఊది, అరచేతిలో పెట్టుకుని ఆయన అవ్వ దగ్గరికి నడిచాడు. వెనక నుంచి ఎవరో ఆ సినిమాలోని సంగీతాన్ని నోటితో వాయించారు. కొందరు నవ్వారు. అవ్వ సినిమా చూసే మనిషి కాదు, ఎవరో మనవరాలు ఫోనులో చూపించిందట. ఆయన వంగగానే ఆమె మొహం పక్కకు తిప్పుకుంది.

"ఇయ్యాల పండ్లు నొస్తున్నయి కొడుకా" అంది. ఆమె నోట్లో ఒక్క పన్ను లేదు.

ఆయన అలాగే వంగి ఉన్నాడు. పక్కనున్న ముసలమ్మ వైపు చేయి తిప్పాడు. ఆమె పాస్టరయ్య వైపు చూసింది. పాస్టరయ్య గొంతు సవరించుకుని ప్రార్థన మొదలుపెట్టాడు. ఉప్పు ఎవరూ చూడకుండానే ఆ విందు జరిగింది. జనం అన్నంలో పులుసు కలుపుకుని తునకలు ఆకుల అంచులకు తోశారు. గంజులో సగం కూర మిగిలింది. ఆయన వంటలో అది మొదటిసారి. నేను తిన్నానా అంటే తిన్నాను, కానీ ఆయన చూసేలా తినలేదు.

ఆ తర్వాత ఎవరూ ఆయన్ని ఒక మాట అనలేదు, అది మా మంచితనం. "పిల్లలు భయపడుతుండ్రు పెద్దబాపు, ఏమనుకోకు" అని మర్యాదగా చెప్పి నిజామాబాద్‌ నుంచి క్యాటరింగు పిలిపించుకున్నారు. ఆయన అల్లం దంచే చేతులు ఖాళీ అయ్యాయి. భార్య బీడీలు చుడుతుంటే పక్కన కూర్చుని ఆకు కత్తిరించి ఇచ్చేవాడు. ఆమెకు ఆ కత్తిరింపు నచ్చేది కాదు. "నువ్వు ఊకో, ఆకంత ఖరాబ్‌ చేస్తున్నవ్‌" అనేది.

ఒకరోజు షాపుకొచ్చి స్టూలు మీద కూర్చున్నాడు.

"కొడుకా, ఆదివారం చర్చిల నిలబడి ఒక్క మాట చెప్తవా? అది యాట కూరనే అని. నువ్వు అక్కడ ఉన్నవ్‌, తిన్నవ్‌. నేను చెప్తే ఎవ్వరు ఇంటరు? నువ్వు రాసెటోనివి."

నాకు నవ్వొచ్చింది, తర్వాత ఇబ్బందనిపించింది. "అందరికీ తెలుసు పెద్దబాపు, సినిమా అని. లేచి గట్ల చెప్తే నవ్వుతరు."

"తెలుసు బిడ్డా. తెలిసే తింటలేరు."

వచ్చే ఆదివారం చూద్దామన్నాను. ఆ ఆదివారం ఒక పెళ్లికార్డు అర్జెంటుంది. దాని తర్వాతి ఆదివారం ఏదో ఉంది, ఏముందో గుర్తు లేదు. నిజం చెప్పాలంటే, లేచి నిలబడితే ఆ సీను ఎవరి ఆలోచనో కూడా చెప్పాల్సి వస్తుందని భయం. ఆయన రెండోసారి అడగలేదు.

ఈ ఏడు శ్రమకాలం, ఈస్టరు ముందు ఉపవాసాల రోజులు, మొదలవకముందే, జనవరిలో, కబురు పెట్టాడు. ఆదివారం చర్చి అయ్యాక ఒక్కణ్నే రమ్మన్నాడు. వెళ్లేసరికి ఇంటి వెనక చిన్న పొయ్యి, దాని మీద చిన్న బగోన. ఇద్దరికి సరిపోయే కూర. ఆయన భార్య గడపలో చాట ఒళ్లో పెట్టుకుని బీడీలు చుడుతోంది. ఆయన తలకు తువాలు చుట్టుకున్నాడు. ఉల్లిగడ్డల కీర్తన కూడా పాడుతున్నాడు. నాకు సంతోషమేసింది.

కూర దించి, తునక తీసి ఊదాడు. అరచేతిలో పెట్టుకుని, కింద ఎడమచేయి పట్టి, నాలుగడుగులు నడిచి నా ముందు వంగాడు.

"ఉప్పు సూడు బిడ్డా."

నేను నోరు తెరవాలి, అంతే. అది యాట కూర అని ఈ భూమ్మీద అందరికంటే బాగా తెలిసినవాణ్ని నేను. ఆ చేయి, ఆ వంగడం, ఆ ఆశ అవ్వలవి, పండుగలవి అని తెలిసినవాణ్ని. అయినా నాకు మిల్లు కనిపించింది, తమ్ముణ్ని వెతుక్కుంటూ వచ్చిన అన్న కనిపించాడు. నేను పెట్టిన భయం నాకే పట్టింది.

"ఇయ్యాల ఉపవాసం పెద్దబాపు" అన్నాను.

ఆయన వంగే ఉన్నాడు. "ఆదివారం ఏం ఉపవాసం కొడుకా?"

మావాళ్లెవరూ ఆదివారం ఉపవాసం ఉండరు. చిన్నపిల్లవాడికి కూడా తెలుసు. "మొక్కుకున్న" అన్నాను. ఏం మొక్కో ఆయన అడగలేదు. మెల్లగా నిటారుగా నిలబడ్డాడు. నా వైపు ఒకసారి, అరచేతి వైపు ఒకసారి చూశాడు. ఎన్నడూ రుచి చూడని మనిషి ఆ తునక తన నోట్లో వేసుకుని, కళ్లు మూసుకుని నమిలాడు.

"సరిపోయింది" అన్నాడు.

బగోన మీద మూతపెట్టి నాకు టీ పెట్టించాడు. వర్షాల గురించి, చెరుకు గురించి మాట్లాడాడు. వాకిలి దాకా వచ్చి సాగనంపాడు. ప్రాణంతో ఉండగా నేను ఆయన్ని చూడటం అదే ఆఖరు.

గురువారం మూడోరోజు కూడిక జరిగింది. టెంటు, కుర్చీలు, నిజామాబాద్‌ క్యాటరింగు. పాస్టరయ్య నన్ను లేచి ఆయన గురించి సాక్ష్యం చెప్పమన్నాడు. మైకు పట్టుకున్నాక నాకు ఎక్కడలేని ధైర్యం వచ్చింది. ఆయన అడిగిన మాట అప్పుడు చెప్పాను. నేను అక్కడే ఉన్నానని, అది యాట కూరేనని, నేను తిన్నానని, ఆ సీను అలా చేయమన్నది నేనేనని చెప్పాను. ఆ చేయి మనందరికీ అన్నం పెట్టిన చేయి, దాని ముందు మనం నోరు మూసుకున్నామని చెప్పాను. ఆడవాళ్లు ఏడ్చారు. అవ్వ కొంగు నోట్లో కుక్కుకుంది. దిగి వస్తుంటే ఇద్దరు ముగ్గురు నా భుజం తట్టారు. ఇంకెవరూ చెప్పలేనిది నేను చెప్పానని నాకనిపించింది, మనసు తేలికైంది.

బంతిలో కూర్చున్నాను. క్యాటరింగువాళ్లు వడ్డిస్తూ వస్తున్నారు. ఆయన భార్య తెల్లచీరలో వరసల మధ్య నడుస్తూ, ఎవరికి ఏం కావాలో అడుగుతూ నా దగ్గరికొచ్చి ఆగింది. వడ్డించేవాడి చేతిలోంచి గంటె తీసుకుంది. కూర నా ఆకు మీదికి తెచ్చి, పోయకుండా ఆపింది. ఆమె మొహంలో కోపం లేదు, వెటకారం లేదు. తెలియక అడిగినట్టే అడిగింది.

"ఇయ్యాల నీకు ఉపవాసం లేదు గద కొడుకా?"

చుట్టూ ఉన్నవాళ్లకు ఏమీ అర్థం కాలేదు.

"లేదు పెద్దమ్మా" అన్నాను. ఆమె వడ్డించింది. నేను తిన్నాను.